కాలప్రవాహమును వంచవచ్చునా?

"ఆదిత్య 369" చిత్రమును చూచిన పిల్లలు ఇంటికి వచ్చి, "కాలయంత్రము నిజముగా ఉన్నదా?" అని అడుగుట మనలో అనేకులకు అనుభవమే. 1991లో సింగీతం శ్రీనివాసరావుగారు తీసిన ఆ చిత్రములో ఒక యంత్రము మనుష్యులను శ్రీకృష్ణదేవరాయల కొలువునకును, అటుపిమ్మట భవిష్యత్కాలమునకును కొనిపోవును. విజయనగర రాజుల పెనుగొండ మనకు పొరుగుననే ఉన్నది గనుక మన పిల్లలకు ఆ ఉబలాటము మఱింత హెచ్చు. మనమో, "అవన్నియు కట్టుకథలు, పోయి పాఠము చదువుకొమ్ము" అని కసరి పంపుచున్నాము. ఈ జవాబు సగమే నిజమని మనవి చేయుటకే ఈ వ్యాసము వ్రాయుచున్నాము.

మొదట మన తిరుమణి ఎండనే చూతము. ఇచ్చటి సౌరవిద్యుత్ క్షేత్రములో పలకలపై ఈ క్షణమున పడుచున్న వెలుగు సుమారు 8 నిమిషముల 20 సెకండ్ల క్రిందట సూర్యుని విడిచి బయలుదేరినది. మనము చూచు సూర్యుడు ఎప్పుడును ఎనిమిది నిమిషములనాటి సూర్యుడే. అయితే ఇది కాలము వంగుట కాదు. జాబు ఆలస్యముగా అందుట వంటిది. పిల్లలు ఈ రెంటిని కలిపివేయుదురు. పెద్దలమును కలిపివేయుదుము.

నిజముగా కాలమే మందగించు సంగతి వేఱు. దానిని 1905లోను, 1915లోను ఐన్‌స్టీన్ మహాశయుడు సాపేక్ష సిద్ధాంతముగా వెల్లడించెను. వేగముగా పోవు గడియారము నిలిచియున్న గడియారము కంటె నెమ్మదిగా నడచును. అట్లే, ఆకర్షణశక్తి బలముగా ఉన్నచోట కాలము నెమ్మదిగా సాగును. సూర్యుని ఉపరితలమున ఒక గడియారము నుంచగలిగినచో, అది మన గడియారము కంటె ఏడాదికి ఒక నిమిషమునకు కొంచెము పైగా వెనుకబడును. అచ్చట గడియారము నుంచువారెవ్వరు? వెలుగే గడియారము. సూర్యునిపై అణువుల కంపనములు మనకు మందముగా కనబడుటచే సూర్యకాంతిలోని రేఖలు ఎఱుపువైపునకు రవంత జరుగును. మన దక్షిణదేశములోనే, కొడైకెనాల్ వేధశాలలో ఎవర్‌షెడ్ అను శాస్త్రజ్ఞుడు ఈ జరుగుబాటును ఏండ్లతరబడి కొలిచెను.

వేగమునకు సాక్ష్యము మనకు ఇంకను దాపున, కోలారు బంగారు గనులలో ఉన్నది. తెలుగువారును, తమిళులును అనేకులు చెమటోడ్చిన ఆ గనులు 2001లో మూతపడినవి. అంతకుముందు, 1950 దశకము మొదలుకొని, టాటా మౌలిక పరిశోధన సంస్థవారు ఆ గనుల లోతున ఆకాశమునుండి దిగివచ్చు మ్యూయాన్ కణములను లెక్కించిరి. ఈ కణములు సుమారు 15 కిలోమీటర్ల ఎత్తున పుట్టును. వాని సగటు ఆయువు సెకండులో పదిలక్షలవ వంతులు రెండింటికి కొంచెము పైన. అంతలో కాంతియైనను 660 మీటర్లకు మించి పోజాలదు. ఆ లెక్కన అవి త్రోవలోనే నశింపవలెను. కాని నేలను చేరుచున్నవి, నేలలోనికిని చొచ్చుచున్నవి. మహావేగమువలన మన లెక్కలో వాని కాలము సాగుటయే ఇందులకు కారణము.

1971లో హాఫెల్, కీటింగ్ అను ఇరువురు అణుగడియారములను విమానములలో భూమిచుట్టు త్రిప్పిరి. తూర్పుగా పోయినవి వెనుకబడినవి, పడమరగా పోయినవి ముందునకు జరిగినవి. తేడా సెకండులో కోటివంతులలో కొన్ని మాత్రమే. అయినను ఇది స్వల్పమని త్రోసివేయరాదు. దారిచూపు ఉపగ్రహములలోని గడియారములు భూమిపైవానికంటె దినమునకు 38 మైక్రోసెకండ్లు ముందునకు పోవును. దానిని సవరింపనిచో ఒక్కదినములోనే మన చేతిలోని ఫోను చూపు చోటు పది కిలోమీటర్లకు పైగా తప్పును. తిరుమణిలో నిలిచినవానిని అది పరాయి ఊరిలో చూపునన్నమాట.

భాగవతములో కకుద్మి మహారాజు కుమార్తె రేవతితో బ్రహ్మలోకమునకు పోయి, గానము ముగియువఱకు వేచి, తిరిగివచ్చుసరికి భూలోకమున ఇరువదియేడు మహాయుగములు గడచిపోయిన కథ కలదు. ఇది చూపి, "మనవారికి ఇదంతయు మునుపే తెలియును" అనువారు కలరు. మా అభిప్రాయమున అది గొప్ప ఊహయే గాని కొలత కాదు. ఊహను ఊహగా మెచ్చుకొనిన తప్పులేదు. పిల్లలకు ఈ కథతోనే ఆరంభించి చెప్పినచో సులభముగా బోధపడును.

మఱియొక మాట. "మాకు ఇంటిలో తెలుగు, పిల్లలకు బడిలో కన్నడము, విజ్ఞానవిషయములు మేమేమి చెప్పగలము?" అని కొందఱు తల్లిదండ్రులు వెనుదీయుచున్నారు. కాలము, వేగము, ఆకర్షణ, సాపేక్షము అను మాటలు రెండు భాషలలోను ఇంచుమించు ఒక్కటే. తల్లి తెలుగున చెప్పినది బిడ్డ కన్నడ పుస్తకములో గుర్తుపట్టును. అడిగిన ప్రతిసారి కసరుట తినిన బిడ్డ మాత్రము ఏ భాషలోను మరల అడుగదు.

ఇక పిల్లల ప్రశ్నకు జవాబు. భవిష్యత్తువైపు కాలమును రవంత వంచుట సాధ్యమే. విమానమెక్కిన ప్రతివారికిని అది అంతో ఇంతో జరుగుచునే ఉన్నది. గతమునకు మరలుట మాట వేఱు. 1949లో గోడెల్ అను గణితవేత్త ఐన్‌స్టీన్ సమీకరణములనుండియే అట్టి త్రోవగల ఒక విశ్వమును లెక్కగట్టి చూపెను గాని, మన విశ్వము అట్టిదనుటకు ఆధారము లేదు. గతమునకు పోయివచ్చినవారును లేరు. రాయల కొలువును చూపజాలము; పెనుగొండ కోటను మాత్రము ఒక ఆదివారమున పిల్లలకు చూపవచ్చును.