కోర్టులో చూసుకుంటాలే అనుకోకండి

మొన్నామధ్య ఓ సాయంత్రం అశోక్‌నగర్‌లో ఉండే నా స్నేహితురాలు చిక్కడపల్లిలోని మా ఇంటికి వచ్చింది. ఏడ్చి ఏడ్చి కళ్లు వాచిపోయాయి. పద్దెనిమిదేళ్లుగా క్యాషు కౌంటర్లో పనిచేస్తోంది. లెక్కలో తేడా వచ్చిందని సస్పెండు చేసి విచారణ జరిపారు. ఆరోపణ రుజువైందంటూ విచారణాధికారి రాసిన రిపోర్టు కాపీ పంపి, పదిహేను రోజుల్లో జవాబివ్వమన్నారు. పన్నెండు రోజులు గడిచాయి. కవరు బీరువాలో చీరల కిందే ఉంది!

"వాళ్లకేం చెప్పేదక్కా? ఎలాగూ తీసేస్తారు. కోర్టులోనే తేల్చుకుంటా" అంది.

మర్నాడు నారాయణగూడలో నాకు తెలిసిన లాయరమ్మగారి దగ్గరకు తీసుకెళ్లాను. ఆవిడ కాగితాలన్నీ చదివారు.

"హైకోర్టు మళ్లీ మొదట్నుంచీ విచారిస్తుందనుకుంటున్నావా అమ్మా? ఆఫీసు విచారణ మీద అది అప్పీలు కోర్టు కాదు. ఆంధ్రప్రదేశ్‌లో ఒక సబ్‌ఇన్‌స్పెక్టర్ని డిస్మిస్ చేసిన కేసులో 1963లోనే సుప్రీంకోర్టు ఈ మాట చెప్పింది. ఆరోపణలేమిటో చెప్పారా, సాక్షుల్ని ప్రశ్నించనిచ్చారా, ఏ ఆధారమూ లేకుండా తేల్చేశారా, తప్పుకు మరీ మించిన శిక్ష వేశారా అనే చూస్తుంది. కొంత ఆధారం ఉంటే, అది చాలా చాలదా అని తూకం వేయదు."

"మరి ఈ రిపోర్టెందుకు పంపారండీ?"

"దాని వెనకా మన హైదరాబాదు కేసే ఉంది. ఈసీఐఎల్ కేసులో 1993 అక్టోబరు 1న అయిదుగురు జడ్జీల ధర్మాసనం తీర్పిచ్చింది. వేరే అధికారి విచారణ చేస్తే, యాజమాన్యం నిర్ణయం తీసుకునేముందే ఆ రిపోర్టు ఉద్యోగికి ఇవ్వాలి. ప్రైవేటు సంస్థలకైనా అంతే. ఇవ్వకపోయినంత మాత్రాన ఉద్యోగం తిరిగి రాదు. అందువల్ల నష్టం జరిగిందని చూపించాలి. నీకేమో రిపోర్టు ఇచ్చారు. నువ్వే జవాబివ్వకపోతే రేపు కోర్టులో ఏం చెప్తావు?"

నా స్నేహితురాలు కాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లగా, "ఆ రోజు రిజిస్టరు చూపించమని రెండుసార్లు అడిగానండీ, చూపించలేదు" అంది.

లాయరమ్మగారు పెన్ను ఆమె చేతిలో పెట్టి, "ఇదే రాయి" అన్నారు.

ఆ రాత్రి మా ఇంట్లోనే కూర్చుని నాలుగు పేజీలు రాసింది. రిజిస్టరు ఏ తేదీన అడిగిందో, ఎవరిని అడిగిందో, వాళ్లేమన్నారో అన్నీ పెట్టింది. గడువులోపే ఇచ్చి, నకలు మీద ముద్ర, తేదీ వేయించుకుంది.

నిర్ణయం ఇంకా రాలేదు. ఉద్యోగం నిలుస్తుందో లేదో చెప్పలేను. కానీ ఇప్పుడా నకలు ఆమె హ్యాండ్‌బ్యాగులోనే ఉంటోంది.

కోర్టు మెట్లెక్కిన రోజున మన తరఫున మాట్లాడేది అంతకుముందు మనం రాసిచ్చిన కాగితమే. కోపమొచ్చినా, ఏడుపొచ్చినా సరే, ఆ కవరు మాత్రం బీరువాలో పెట్టకండి!