డీజిల్ బండి నల్లపొగ కక్కుతోందా? ఈజీఆర్ వాల్వ్‌ మూసేయించే ముందు ఇవి చూడండి

మిర్చి సీజన్ వస్తే గుంటూరు యార్డు చుట్టూ లారీలతో పాటు పాత డీజిల్ కార్లు కూడా బారులు తీరతాయి. ఇన్నోవా, తవేరా, బొలెరో, స్విఫ్ట్ డిజైర్, ఇండికా. కొన్ని రైతులవి, కొన్ని కమీషన్ వ్యాపారులవి, ఎక్కువ భాగం కిరాయికి తిరిగేవి. నరసరావుపేట, చిలకలూరిపేట, ఒంగోలు వైపు ఎన్నో ముస్లిం ఇళ్లలో ఆ ఒక్క బండి మీదే నెల గడుస్తుంది. పెళ్లి కిరాయిలు, ఆసుపత్రి ట్రిప్పులు, ఎయిర్‌పోర్టుకు ఉమ్రా యాత్రికులను దింపడం, అన్నీ దాని మీదే. అలాంటి బండి ఒకరోజు పికప్ తగ్గి, వెనక నల్లపొగ వదలడం మొదలుపెడితే ఓనర్‌కు గుండె దడ పుడుతుంది. షెడ్డుకు తీసుకెళ్తే చాలాసార్లు వినిపించే మాట ఒకటే: "ఈజీఆర్ పోయింది భాయ్, మార్చాలి. లేదంటే రేకు పెట్టి మూసేద్దాం."

ఆ రెండూ చేసే ముందు మూడో దారి ఒకటుంది. అసలు జబ్బు అదేనా అని చూసుకోవడం, అదే అయితే ముందు శుభ్రం చేయించడం.

ఈజీఆర్ అంటే ఏమిటి?

ఎగ్జాస్ట్ గ్యాస్ రీసర్క్యులేషన్ అన్న మాటకు పొట్టి పేరు ఈజీఆర్. ఇంజిన్ బయటికి వదిలే పొగలో కొంత భాగాన్ని మళ్లీ లోపలికి పంపే ఏర్పాటు ఇది. వదిలేసిన పొగ మళ్లీ ఎందుకు అనిపించొచ్చు. మనం పీల్చే గాలిలో సుమారు 78 శాతం నైట్రోజన్. ఇంజిన్ లోపల వేడి బాగా పెరిగినప్పుడు ఆ నైట్రోజన్ ఆక్సిజన్‌తో కలిసి నైట్రోజన్ ఆక్సైడ్లుగా మారుతుంది. ఇవి ఊపిరితిత్తులకు చేటు, ఆస్తమా ఉన్నవాళ్లకు మరీను. ఒకసారి కాలిన పొగలో ఆక్సిజన్ తక్కువ. దాన్ని కొంచెం కలిపితే మంట వేడి తగ్గుతుంది, ఆ విషవాయువు పుట్టడం కూడా తగ్గుతుంది.

ఈ పొగ దారికి తలుపు లాంటిదే ఈజీఆర్ వాల్వ్. బండి ఐడిల్‌లో ఉన్నప్పుడు, మామూలు వేగంలో పోతున్నప్పుడు అవసరాన్ని బట్టి తెరుచుకుంటుంది. ఓవర్‌టేక్ కోసం యాక్సిలరేటర్ పూర్తిగా తొక్కితే మూసుకుంటుంది, ఎందుకంటే అప్పుడు ఇంజిన్‌కు స్వచ్ఛమైన గాలి నిండుగా కావాలి. ఈ తలుపు సగంలో ఇరుక్కుపోతేనే చిక్కంతా.

1970లలో అమెరికా కార్లలో వచ్చిన ఈ పద్ధతి, మన దేశంలో భారత్ స్టేజ్ నిబంధనలు బిగుసుకునే కొద్దీ డీజిల్ బండ్లలో మామూలైపోయింది. దేశమంతటా బీఎస్-4 2017 ఏప్రిల్ 1న, బీఎస్-6 2020 ఏప్రిల్ 1న అమల్లోకి వచ్చాయి. ఇప్పుడు చెబుతున్నది అంతకుముందు కొన్న, పదేళ్లు దాటిన డీజిల్ బండ్ల గురించి.

మన దగ్గర ఎందుకు త్వరగా పూడుకుంటుంది?

డీజిల్ పొగలో మసి ఉంటుంది. ఇంజిన్ లోపలి నుంచి బ్రీదర్ పైపు ద్వారా వచ్చే నూనె ఆవిరి ఆ మసితో కలిస్తే తారు లాంటి ముద్ద తయారవుతుంది. అది వాల్వ్ మీద, ఇన్‌టేక్ మేనిఫోల్డ్ లోపల పొరలు పొరలుగా అంటుకుంటుంది. హైవే మీద వేడెక్కి పరుగెత్తే బండిలో ఇది నెమ్మదిగా జరుగుతుంది. బడికి, బజారుకు రెండేసి కిలోమీటర్లు తిరిగే బండిలో, యార్డు గేటు దగ్గర ఏసీ వేసుకుని గంటల తరబడి ఐడిల్‌లో నిలబడే బండిలో త్వరగా జరుగుతుంది.

దీనికి తోడు ఇది పత్తి నేల. పత్తి తీతల కాలంలో జిన్నింగ్ మిల్లుల చుట్టూ దూది నూగు గాలిలో తేలుతూ ఉంటుంది. పొలం దారుల్లో నల్లరేగడి దుమ్ము సరేసరి. ఇవి రెండూ ఎయిర్ ఫిల్టర్‌ను మూసేస్తాయి. గాలి తగ్గితే డీజిల్ సరిగా కాలదు, మసి పెరుగుతుంది, పెరిగిన మసి ఈజీఆర్‌లో పేరుకుంటుంది. కంపెనీ పుస్తకం రాసిన ఫిల్టర్ గడువు మంచి రోడ్ల లెక్క. దుమ్ములో తిరిగే బండికి ఇంకా ముందే మార్చాలని అదే పుస్తకంలో ఉంటుంది, కానీ ఎవరూ ఆ పేజీ చూడరు.

లక్షణాలు ఇలా ఉంటాయి

వాల్వ్ తెరుచుకుని ఇరుక్కుంటే పికప్ పోతుంది, యాక్సిలరేటర్ తొక్కగానే నల్లపొగ వస్తుంది, ఐడిల్‌లో బండి వణుకుతుంది, ఒక్కోసారి ఆగిపోతుంది. మైలేజీ పడిపోతుంది.

మూసుకుని ఇరుక్కుంటే డ్రైవర్‌కు పెద్దగా తేడా తెలియదు. బండి బాగానే లాగుతుంది. ఇంజిన్ చప్పుడు కాస్త గట్టిగా ఉండొచ్చు, చెక్ ఇంజిన్ లైట్ వెలగొచ్చు. విషవాయువు మాత్రం ఎక్కువ వెళ్తూ ఉంటుంది.

పొగ రంగు కూడా కొంత చెబుతుంది. నలుపు అంటే డీజిల్‌కు తగ్గ గాలి అందడం లేదని. నీలం అంటే ఇంజిన్ ఆయిల్ కాలుతోందని. వేడెక్కాక కూడా తెల్లటి ఆవిరి ఆగకుండా వస్తూ, రేడియేటర్‌లో కూలెంట్ తగ్గుతుంటే అది వేరే పెద్ద సమస్య, దాని సంగతి కింద ఉంది.

ముందు చవకైనవి చూడాలి

నల్లపొగకు ఈజీఆర్ ఒక్కటే కారణం కాదు. కాబట్టి తక్కువ ఖర్చుతో తేలేవి మొదట చూడాలి.

ఒకటి, ఎయిర్ ఫిల్టర్. తీసి వెలుతురుకు ఎదురుగా పట్టుకుంటే వెలుగు కనపడాలి. దూది, మట్టి పట్టి ఉంటే కొత్తది వేసి రెండు రోజులు నడిపి చూడాలి. సగం కంప్లయింట్లు ఇక్కడే తీరినా ఆశ్చర్యం లేదు.

రెండు, టర్బో నుంచి ఇంజిన్‌కు వెళ్లే రబ్బరు గొట్టాలు. చీలినా, క్లిప్పు వదులైనా గాలి బయటికి పోతుంది. గొట్టం చుట్టూ నూనె తడి, తొక్కినప్పుడు బుస్సుమనే శబ్దం దానికి గుర్తు.

మూడు, గాలిని కొలిచే సెన్సార్, డీజిల్ ఫిల్టర్, ఇంజెక్టర్లు. ఇవి తేలాకే వాల్వ్ వైపు రావాలి.

స్కానర్ ఏం చెబుతుంది?

కామన్ రైల్ బండ్లలో స్టీరింగ్ కింద ఓబీడీ సాకెట్ ఉంటుంది. అక్కడ స్కానర్ పెడితే కోడ్ కనపడుతుంది. పి0401 అంటే పొగ రావాల్సినంత రావడం లేదు. పి0402 అంటే మోతాదుకు మించి వస్తోంది. పి0403 అంటే వాల్వ్‌కు వెళ్లే కరెంటు సర్క్యూట్‌లో తేడా. పి0404 అంటే వాల్వ్ చెప్పినంత కదలడం లేదు. కోడ్ వచ్చినంత మాత్రాన వాల్వ్ చెడిపోయిందని కాదు. పి0401కి పూడుకున్న పైపు చాలు, పి0403కి తెగిన ఒక తీగ చాలు. మంచి స్కానర్‌లో కంప్యూటర్ అడిగినది ఎంత, వాల్వ్ నిజంగా తెరుచుకున్నది ఎంత అని రెండు అంకెలూ పక్కపక్కనే చూడొచ్చు. ఆ రెండింటి మధ్య దూరం ఉంటేనే అనుమానం బలపడుతుంది.

వాల్వ్‌లు రెండు రకాలు. పాత బండ్లలో ఎక్కువగా వాక్యూమ్‌తో పనిచేసేవి. సన్నని రబ్బరు పైపు ఒకటి వచ్చి డబ్బా లాంటి డయాఫ్రమ్‌కు తగులుకుని ఉంటుంది. ముందు ఆ పైపు పగిలిందేమో చూడాలి. తర్వాత ఇంజిన్ ఆపి చేతిపంపుతో వాక్యూమ్ ఇస్తే లోపలి కాడ కదలాలి, వాక్యూమ్ నిలవాలి. నిలవకపోతే డయాఫ్రమ్ చిరిగినట్టే. దాన్ని ఎంత కడిగినా లాభం లేదు, మార్చాల్సిందే. రెండో రకం కరెంటుతో పనిచేసేవి. వీటిని స్కానర్‌తోనే కదిలించి చూడాలి. బ్యాటరీ నుంచి నేరుగా తీగలు తగిలిస్తే బాగున్న వాల్వ్ కూడా కాలిపోతుంది.

శుభ్రం చేసే పద్ధతి

ఇంజిన్ పూర్తిగా చల్లారాలి. బ్యాటరీ నెగటివ్ తీగ తీయాలి. ఏ పైపు ఎక్కడ ఉందో ఫోన్‌లో ఫొటో తీసుకుంటే బిగించేటప్పుడు వెతుక్కోనక్కర్లేదు. ఏళ్ల తరబడి వేడికి కాగిన బోల్టులు తేలిగ్గా రావు. తుప్పు వదిలే ఆయిల్ కొట్టి కాసేపు ఆగి, పానాతో కొద్దికొద్దిగా తిప్పాలి. తొందరపడి విరగ్గొడితే చిన్న పని పెద్ద పని అవుతుంది.

వాల్వ్ బయటికి వచ్చాక ఇంజిన్ వైపు రంధ్రాలకు శుభ్రమైన గుడ్డ అడ్డం పెట్టాలి. గీకేటప్పుడు ఒక మసి పెళ్ల లోపలికి జారినా నష్టమే. కార్బన్ క్లీనర్ స్ప్రే కొట్టి పది నిమిషాలు నానబెట్టి పాత టూత్ బ్రష్, చెక్కపుల్లతో తీయాలి. వాల్వ్ కూర్చునే అంచు మీద ఇనప బ్రష్ గీయకూడదు, గీత పడితే తర్వాత లీకు. స్క్రూడ్రైవర్‌తో తెరవబోతే లోపలి పళ్లచక్రాలు విరుగుతాయి. కరెంటు వాల్వ్‌ను పూర్తిగా ముంచకూడదు. కనెక్టర్ ఉన్న భాగం పైకి, మసి ఉన్న భాగం కిందికి పట్టుకుంటే ద్రవం మోటారులోకి దిగదు.

ఈ పని గాలి ఆడే చోట, చేతులకు గ్లౌజులు, ముఖానికి మాస్క్ వేసుకుని చేయాలి. డీజిల్ పొగ క్యాన్సర్ కారకమని ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన సంస్థ 2012లో తేల్చింది. ఎండిన మసిని కంప్రెసర్‌తో ఊదేయడం షెడ్డులో పనిచేసే పిల్లల ఊపిరితిత్తుల్లోకి పంపడమే. స్ప్రేకు మంట త్వరగా అంటుకుంటుంది కాబట్టి దగ్గర్లో బీడీ, సిగరెట్ ఉండకూడదు.

శుభ్రం అయ్యాక వాల్వ్ మూసి ఉండగా ఒకవైపు కొంచెం కిరోసిన్ పోసి చూస్తే లీకు తెలుస్తుంది. ప్యాకింగ్ ప్రతిసారీ కొత్తదే వేయాలి. బోల్టులు ఒకేసారి కాకుండా అటూఇటూ సమంగా బిగించాలి. చివరికి కోడ్లు చెరిపి, కొన్ని బండ్లకు స్కానర్‌తో వాల్వ్‌కు కొత్తగా హద్దులు నేర్పించి, ఇరవై ముప్పై కిలోమీటర్లు హైవే మీద నడిపి మళ్లీ స్కాన్ చేయాలి. కోడ్ తిరిగి రాకపోతే పని అయినట్టు.

కూలెంట్ తగ్గితే ఆగాలి

చాలా బండ్లలో వాల్వ్ పక్కనే పొగను చల్లార్చే ఈజీఆర్ కూలర్ ఉంటుంది. అందులో ఇంజిన్ కూలెంట్ తిరుగుతుంది. అది లోపల పగిలితే కూలెంట్ తగ్గుతుంది కానీ కింద ఎక్కడా చుక్క కనపడదు. దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు. 2018లో దక్షిణ కొరియాలో బీఎండబ్ల్యూ డీజిల్ కార్లు పదుల సంఖ్యలో మంటల్లో చిక్కుకున్నాయి. కూలర్ నుంచి కారిన కూలెంట్ మసితో కలిసి పేరుకుపోయి, వేడి పొగకు అంటుకోవడమే కారణమని తేలింది. లక్షకు పైగా కార్లు వెనక్కి పిలిపించారు. కాబట్టి కూలెంట్ మాయమవుతుంటే వాల్వ్ కడగడం దగ్గర ఆగకుండా కూలర్‌ను ప్రెషర్ పెట్టి పరీక్షించాలి.

"మూసేద్దాం భాయ్" అన్న మాట

రేకు పెట్టి ఈజీఆర్ మూసేయడం మన షెడ్లలో మామూలు. మేస్త్రీలు చెప్పేదాంట్లో కొంత నిజం ఉంది. మూసేస్తే ఇన్‌టేక్‌లో మసి చేరడం తగ్గుతుంది, నల్లపొగ తగ్గుతుంది, పికప్ బాగున్నట్టు ఉంటుంది. పొల్యూషన్ సర్టిఫికెట్ కూడా వచ్చేస్తుంది. ఎందుకంటే డీజిల్ బండికి ఆ పరీక్షలో చూసేది పొగ ఎంత చిక్కగా ఉందన్నదే. నైట్రోజన్ ఆక్సైడ్లను అక్కడ కొలవరు. కంటికి కనపడే పొగ తగ్గి, కనపడని విషం పెరుగుతుందన్నమాట.

చట్టం సంగతి కూడా ఉంది. 2019 సవరణ తర్వాత మోటారు వాహనాల చట్టం సెక్షన్ 190(2) కింద కాలుష్య ప్రమాణాలు మీరితే మొదటిసారి రూ.10,000 వరకు జరిమానా, మూడు నెలల వరకు జైలు, లేదా రెండూ పడవచ్చు. మూడు నెలలు లైసెన్స్‌కు అనర్హత కూడా ఉంటుంది. కిరాయి మీద బతికేవాడికి ఆ మూడు నెలలే అసలు శిక్ష. పదిహేనేళ్లు నిండి ఆర్‌సీ రెన్యువల్‌కు తీసుకెళ్లే బండిని అధికారులు తనిఖీ చేస్తారు, అక్కడ మార్పులు బయటపడితే తిప్పలే.

పెద్ద కంపెనీలు కూడా ఈ విషయంలో దొరికిపోయాయి. 2013లో జనరల్ మోటార్స్ ఇండియా కాలుష్య ప్రమాణాల లోపంతో 1.14 లక్షల తవేరాలను వెనక్కి పిలిచింది. 2015లో ఫోక్స్‌వ్యాగన్ పరీక్షలో ఒకలా, రోడ్డు మీద ఒకలా నడిచే సాఫ్ట్‌వేర్ పెట్టిందని అమెరికాలో బయటపడింది. అక్కడ దాచింది కూడా ఈ నైట్రోజన్ ఆక్సైడ్లనే.

అమ్మేటప్పుడు మరో మాట వస్తుంది. సరుకులో లోపం ఉంటే కొనేవాడికి చెప్పాలన్నది మన దీన్ నేర్పిన వ్యాపార నియమం. మూసేసిన ఈజీఆర్ బయటికి కనపడని లోపం. చెప్పకుండా అమ్మితే కొన్నవాడు రెన్యువల్ రోజున తెలుసుకుంటాడు. అలాగే దారిలో పోయేవాళ్లకు ఇబ్బంది తొలగించడం పుణ్యమని నమ్మేవాళ్లం, మదర్సా ముందు బండి ఆపి వదిలే పొగను కూడా ఆ లెక్కలోనే చూసుకోవాలి.

షెడ్డులో అడగాల్సినవి

బండి అప్పగించే ముందు ఓనర్ నాలుగు మాటలు అడిగితే డబ్బు మిగులుతుంది. స్కానర్‌లో వచ్చిన కోడ్ ఏది? ఎయిర్ ఫిల్టర్, టర్బో గొట్టాలు చూశారా? వాల్వ్ కదులుతోందా, పూర్తిగా చచ్చిపోయిందా? శుభ్రం చేశాక కొత్త ప్యాకింగ్ వేసి రోడ్ టెస్ట్ చేస్తారా? పని తెలిసిన మేస్త్రీ ఈ ప్రశ్నలకు నొచ్చుకోడు, తీసిన మసి కూడా చూపిస్తాడు.

ఆ తర్వాత కాపాడుకోవడం ఓనర్ చేతిలో ఉంది. పత్తి సీజన్ అయ్యాక ఫిల్టర్ మార్చడం, కంపెనీ చెప్పిన గ్రేడు ఆయిల్ వేళకు వేయడం, యార్డు దగ్గర ఎక్కువసేపు ఆగాల్సి వస్తే ఇంజిన్ ఆపేయడం, వారానికి ఒక్కసారైనా అరగంట హైవే మీద నడపడం. ఇవి చేస్తే బండి పదిహేనేళ్లు దాటినా ఇంటికి అన్నం పెడుతూనే ఉంటుంది, ఇన్షా అల్లాహ్.