గవిపురం నుంచి బన్నేరుఘట్ట దాకా

బెంగుళూరులో నాలుగు తరాలుగా కాపురం ఉంటున్న మాబోటి తెలుగు కుటుంబాలకు ఒక చిత్రమైన అలవాటు ఉన్నది. కాశీ, రామేశ్వరం చూసివస్తాము. ఏడాదికి రెండుసార్లు తిరుపతి కొండ ఎక్కుతాము. ఇంటికి నాలుగు మైళ్ల దూరంలో ఉన్న గుడికి మాత్రం "ఎప్పుడైనా వెళ్లవచ్చులే" అంటూ ఏళ్లు గడిపేస్తాము. గవిపురంలోని గంగాధరేశ్వరస్వామి గుహాలయం మాకు అలాగే మిగిలిపోయింది. మొన్న మార్గశిరంలో ఒక ఆదివారంనాడు ఆ లోటు తీరింది. అది భక్తివల్ల తీరిందంటే మాత్రం అబద్ధమే అవుతుంది.

అసలు సంగతి ఏమిటంటే, మా తమ్ముడు బన్నేరుఘట్ట అవతల ఒక సైటు బేరమాడాడు. ముప్పై నలభై సైటు, తూర్పు ముఖం. పదివేలు టోకెను ఇచ్చాడు. అమ్మకు చూపించి ఆమె "ఊఁ" అన్న తరువాత సోమవారంనాడు మిగతా బయానా కట్టాలి. "ఉత్త మన్ను చూడటానికి డెబ్బై ఎనిమిదేళ్ల మనిషిని అంత దూరం తిప్పుతావా? దారిలో గుడి అయినా చూపించు" అన్నది మా ఇంటావిడ. "గుడి సరే, ఏనుగులు?" అన్నారు పిల్లలు. ఆ విధంగా దైవదర్శనం, గజదర్శనం, స్థలదర్శనం మూడూ ఒకే రోజున కుదిరాయి. పులిహోర, పెరుగన్నం డబ్బాలు కారులో పెట్టుకుని ఏడు గంటలకల్లా బయలుదేరాము.

గవి అంటే గుహ. తెలుగులోనూ ఉన్న మాటే గాని మనం వాడటం మానేశాము. ఈ గుడికి పొద్దున్నే వెళ్లడం మంచిది. మధ్యాహ్నం తలుపులు మూస్తారు. ముంగిట్లో నాలుగు ఏకశిలా స్తంభాలు నిలిచి ఉన్నాయి. రెండింటిమీద పెద్ద రాతి చక్రాలు. ఒకటి సూర్యునికి, ఒకటి చంద్రునికి. మిగిలినవాటిలో ఒకటి త్రిశూలం, ఒకటి డమరుకం. లోపలికి వెళితే రాయి తలమీదికి దిగివస్తుంది. గర్భగుడి చుట్టూ ప్రదక్షిణం చేయాలంటే నడుము వంచవలసిందే. మా తమ్ముడు ఆరడుగుల మనిషి. "స్వామి ఎదుట వంగనివాణ్ణి ఇక్కడ రాయే వంచుతుందిరా" అని అమ్మ వెనకనుంచి నవ్వింది. ఆమెకు వంగే పని పడలేదు. వయసు ఆ పని ఎప్పుడో చేసిపెట్టింది.

1537లో బెంగుళూరుకు పునాది వేసిన కెంపేగౌడను విజయనగర ప్రభువు రామరాయలు కొన్నేళ్లు చెరలో ఉంచాడనీ, విడుదలైన తరువాత ఆయన ఈ గుడిని బాగుచేయించాడనీ చెబుతారు. మనవారు చాలామంది ఎరుగని ముచ్చట ఒకటి ఉన్నది. కెంపేగౌడ పేర "గంగాగౌరీ విలాసం" అనే యక్షగానం ఉన్నది. అది తెలుగులో ఉన్నది! గంగను తలమీద మోస్తున్న స్వామి గుడి ముందు నిలబడి ఈ మాట చెబితే పిల్లలు నమ్మలేదు.

ఈ గుడికి పేరు తెచ్చినది మకర సంక్రాంతి. ఆనాటి సాయంకాలం అస్తమించే సూర్యుని కిరణాలు నైరుతి దిక్కునుంచి వచ్చి, నంది కొమ్ముల నడుమగా దూరి, గుహలో ఉన్న లింగంమీద పడతాయి. ఏడాది పొడుగునా దీపాల వెలుగులో ఉండే స్వామికి కొద్ది నిమిషాలపాటు సూర్యుడే హారతి పడతాడన్న మాట. 2008లో బెంగుళూరు నెహ్రూ ప్లానిటోరియం వారు దీనిని శ్రద్ధగా పరిశోధించారు. సంక్రాంతి ముందువెనుకల, జనవరి 13 నుంచి 16 వరకూ, మళ్లీ నవంబరు 26 నుంచి డిసెంబరు 2 వరకూ వెలుగు లింగాన్ని తాకుతుందని తేల్చారు. అంటే మేము వెళ్లేసరికి వారం కిందటే రెండవ విడత ముగిసిపోయింది. మా అదృష్టం ఎప్పుడూ అంతే.

ఆ పరిశోధనలోనే మరొక సంగతి బయటపడింది. డేనియల్ అనే ఇంగ్లీషు చిత్రకారులు, థామస్, విలియం, 1790ల ప్రాంతాన ఈ గుడిని చూసి బొమ్మలు గీశారు. ఆ బొమ్మలను నేటి గుడితో పోల్చి చూస్తే, ఆనాడు కట్టడాలు తక్కువ. ఆకాశం ఎక్కువ తెరిపిగా ఉండేది. అప్పట్లో ఉత్తరాయణ, దక్షిణాయన దినాలలో వెలుగు లోపలికి వచ్చి ఉంటుందని వారి అభిప్రాయం. తరువాతివారు గోడలు లేపారు, మంటపాలు కట్టారు. అందరూ భక్తితోనే కట్టి ఉంటారు. సూర్యుడు మాత్రం మిగిలిన సందు వెతుక్కుని వేరే రోజులకు మారాడు. ఈ ముక్క మేము ఆ పూట తమాషాగానే విన్నాము.

అక్కడినుంచి బన్నేరుఘట్ట ఇరవై కిలోమీటర్లకు పైగా ఉంటుంది. దారిలో హుళిమావులో మరొక శివుని గుహాలయం ఉన్నది. దిగుదామన్నాము గాని పిల్లలు ఒప్పుకోలేదు. వారి మనసప్పటికే ఏనుగుల దగ్గర ఉన్నది. ఆ రోడ్డుమీద వాహనాల రద్దీ గురించి రాస్తే ఈ సంచిక చాలదు గనుక విడిచిపెడుతున్నాము.

బన్నేరుఘట్ట అనగానే పులులను బస్సులోనుంచి చూసే జూ అని అనుకుంటాము. జూ వేరు, అడవి వేరు. 1974లో నేషనల్ పార్కుగా ప్రకటించిన అడవి ఇప్పుడు 260 చదరపు కిలోమీటర్ల పైచిలుకు ఉన్నది. జూను 2002లో దానినుంచి విడదీశారు. మంగళవారం సెలవు, వెళ్లేవారు గుర్తు పెట్టుకోవాలి. ఆ అడవి ఉత్తరంనుంచి దక్షిణానికి పొడుగ్గా సాగి, నడుమ నడుమ బాగా సన్నబడి, అటు కావేరి అడవులకూ తమిళనాడులోని తళి అడవులకూ కలుస్తుంది. ఆ పొడుగు, ఆ సన్నదనం తెలిస్తేగాని ఏనుగుల కష్టం అర్థం కాదు. మాకు అది సాయంకాలానికి తెలిసింది.

జూలో ఏనుగుల దగ్గర గంటన్నర నిలబడ్డాము. ఒక పిల్ల ఏనుగు నీటి గుంటలో తల్లి కాళ్ల నడుమ దొర్లుతూ, తొండాన్ని ఏం చేసుకోవాలో తెలియక దానిమీద తానే అడుగు వేసుకుంటున్నది. మావటి సంకటి ముద్దలు చేసి బెల్లం కలిపి నోట పెడుతున్నాడు. పెద్ద ఏనుగు రోజుకు సుమారు 150 కిలోల మేత తింటుంది. ఆ ముద్దలు దానికి తాంబూలంలాంటివి. కడుపు నింపవలసినది అడవే. అందుకే ఈ పెంపుడు ఏనుగులను కాలికి పొడుగైన గొలుసు ఉంచి రాత్రిపూట అడవిలోకి విడిచిపెడతారు. గొలుసు ఈడ్చుకుపోయిన జాడ పట్టుకుని తెల్లవారి మావటీలు వెతికి తెచ్చుకుంటారు. రాత్రి అడవి మగ ఏనుగులు వచ్చి కలుస్తాయి. ఇక్కడ పుట్టిన గున్నలలో చాలావాటికి తండ్రి అడవిలోవాడేనట. "పుట్టిల్లు జూ, అత్తిల్లు అడవి" అని మా మరదలు తేల్చింది.

2025 జూలైలో ఇక్కడినుంచి నాలుగు ఏనుగులను విమానంలో జపాను పంపి, మార్పిడిగా అక్కడి జంతువులను తెచ్చుకునే ఏర్పాటు చేశారు. ఈ మాట విని అమ్మ "మనకు కొండమీద గది దొరకదు, ఏనుగులకు జపాను టిక్కెట్టా!" అన్నది.

అందరి కథా అంత సుఖంగా ముగియలేదు. పొలాలమీద పడుతున్నదని ఈ అడవిలో ఒక మగ ఏనుగును పట్టి, రంగ అని పేరుపెట్టి, మత్తిగోడు శిబిరానికి తరలించారు. పత్రికలవాళ్లు దానికి రౌడీ అని బిరుదు తగిలించారు. శిబిరంలో బుద్ధిగా పని నేర్చుకుంటున్న ఆ ఏనుగును 2018 అక్టోబరులో శిబిరం పక్క రోడ్డుమీద ఒక బస్సు ఢీకొన్నది. చచ్చిపోయింది. ఇద్దరిలో రౌడీ ఎవరో మరి.

చెట్టు కింద పులిహోర తింటూ ఉండగా అమ్మ తన పుట్టింటి మాట ఎత్తింది. ఆమెది పలమనేరు పక్క పల్లె. ఆమె చిన్నతనంలో అక్కడ ఏనుగంటే ఊరేగింపులో చూడవలసినదే. 1980ల తొలి సంవత్సరాలలో తళి, హోసూరు అడవుల వైపునుంచి ఏనుగులు నడిచి చిత్తూరు జిల్లాలోకి వచ్చాయి. ఇంచుమించు రెండు వందల ఏళ్ల తరువాత ఆంధ్రదేశంలో అడవి ఏనుగు కాలు మోపడం అదే అంటారు. వాటికోసమే 1990లో కౌండిన్య అభయారణ్యం ఏర్పరచారు. "పండక్కు పోయి ఉంటిని. తెల్లారి చూస్తే మా అన్న చెరుకుతోట చాప చుట్టినట్టు పడి ఉండె. గట్టుమీద కూచుని ఏడ్చినాడు. మా వదిన మాత్రం వినాయకుడు వచ్చినాడని ఆ అడుగుల్లో పసుపు కుంకుమ వేసింది. ఏడవాల్నా, మొక్కాల్నా ఎవరికీ తెలీలేదు" అన్నది అమ్మ. అవి ఎందుకు వచ్చాయని పిల్లలు అడిగారు. "ఉన్నచోట చోటు చాలకుంటే ఎవరైనా రారా? మనం బెంగుళూరుకు ఎందుకు వచ్చినాము?"

ఇప్పటికీ ఆ తగవు తెగలేదు. పొలాలమీదికి వచ్చే గుంపులను మళ్లించడానికి 2025 మేలో కర్ణాటక ప్రభుత్వం నాలుగు కుంకీ ఏనుగులను ఆంధ్రకు ఇచ్చింది. పలమనేరు దగ్గర ముసలిమడుగులో వాటికి శిబిరం కట్టారు. అదే ఏడాది వెలువడిన లెక్కలో దేశంలో అడవి ఏనుగులు 22,446 అని తేలితే, అందులో 6,013 కర్ణాటకలోనే ఉన్నాయి. అన్ని రాష్ట్రాలలోకి ఇదే ఎక్కువ.

నాలుగు గంటలకు సైటు చేరుకున్నాము. అంతా బాగున్నది. రోడ్లు, దీపస్తంభాలు, ముఖద్వారానికి రంగులు. దానికి రెండు పక్కలా సిమెంటు ఏనుగులు కూడా నిలబెట్టారు! మా తమ్ముడి సైటు చివరి వరుసలో ఉన్నది. దాని వెనక ఖాళీ నేల, ఆ వెనక అడవి చెట్లు. ఖాళీ నేలలో ఒక పల్లం గీతలాగా సాగి, లేఅవుటు వెనక మాత్రం ఇటుక ముక్కలతో, మట్టితో పూడిపోయి కనిపించింది. అది ఏనుగులు దాటకుండా తవ్విన కందకం. పూడిన చోట, ఎండిన పేడ. అందులో రాగి పొట్టు. మా పెద్దవాడు కర్రతో కదిపి "అవ్వా, ఇది ఆవుది కాదు" అన్నాడు.

"ఎప్పుడో వచ్చేవి సార్, ఇప్పుడు రావు" అన్నాడు ఏజెంటు.

పక్క చేనిలో రాగి కోత సగమైంది. మంచెమీద ముసలాయన ఒకరు కూర్చున్నారు. ఆనేకల్లు, హోసూరు చుట్టుపట్ల పల్లెల్లో తెలుగు మాట్లాడేవారు చాలామంది ఉన్నారు, ఆయనా తెలుగాయనే. అమ్మే వెళ్లి పలకరించింది. "రాకేమమ్మా! కంకి ముదిరినాక ఏటా వస్తాయి. ముందు ఇట్లా నేరుగా పోయేవి. ఇప్పుడు ఇండ్లు అడ్డం వస్తే నా చేనిలోకి తిరుగుతాయి. రాత్రంతా టపాకాయలు కాలుస్తా కూచుంటాను" అన్నాడు. తిట్టలేదు. దానితో మాకు మరింత సిగ్గు వేసింది.

తిరుగుదారిలో మా తమ్ముడు ఫోనులో కాగితాలన్నీ వెతికి చదివాడు. ఈ అడవి చుట్టూ పర్యావరణ సున్నిత మండలం 268.96 చదరపు కిలోమీటర్లు ఉండాలని 2016 ముసాయిదాలో రాశారు. 2020లో ఖాయం చేసినప్పుడు 168.84కు తగ్గించారు. వంద చదరపు కిలోమీటర్లు కాగితంమీద తగ్గాయి. సైటు ఆ తగ్గిన దానిలోనే ఉన్నదేమోనని వాడి ఊహ. "అట్లా అయితే చట్టప్రకారం తప్పేమీ లేదు కదా" అన్నాడు. ఎవరూ బదులు చెప్పలేదు. కాసేపటికి వాడే మళ్లీ, "అమ్మా, వాస్తు అన్నీ చూసినాను. వీధిపోటు కూడా లేదు" అన్నాడు.

"వీధిపోటు చూసినావురా నాయనా, ఏనుగుపోటు చూసుకోలేదే" అన్నది అమ్మ.

సోమవారం బయానా కట్టలేదు. టోకెను పదివేలు తిరిగి ఇవ్వమని ఏజెంటు చెప్పేశాడు. మా మరదలు మూడు రోజులు ముఖం ముడుచుకున్నది. ఆమె తప్పేమీ లేదు. ఆ డబ్బులో ఆమె చీటీ సొమ్ము ఉన్నది. ఇప్పుడు కనకపుర రోడ్డువైపు చూస్తున్నారు. అటు ఏ అడవి ఉన్నదో పిల్లలు ముందుగానే మ్యాపు తీసి చూస్తున్నారు. సంక్రాంతినాడు సాయంకాలం మూడింటికే గవిపురం వెళ్లి వరుసలో నిలబడాలని అమ్మ ఇప్పటినుంచే అందరికీ చెప్పి ఉంచింది.