వెన్నెలను కల్పించిన ఛాయాగ్రాహకుడు

పాట విన్నవారు గాయకుని స్మరింతురు; చూచినవారు నటుని స్మరింతురు. ఆ రెంటిని తెరపై ఏకము చేసిన ఛాయాగ్రాహకుని స్మరించువారు అరుదు. ఉప్పల్ చెంత నాచారమున నందమూరి తారకరామారావుగారు నెలకొల్పిన రామకృష్ణా స్టూడియో పేరు విననివారు మనలో కొలదిమందియే. ఆ నటునకు తెరపై దివ్యతేజమును సంతరించిన మార్కస్ బార్‌ట్లీ పేరు ఎరిగినవారెందరు?

బార్‌ట్లీ తెలుగువాడు కాడు. 1917లో జన్మించిన ఆంగ్లో-ఇండియన్. పత్రికా ఛాయాచిత్రములతోను వార్తాచిత్రములతోను చేయి తిరిగినవాడు. 1945లో బి. ఎన్. రెడ్డిగారి 'స్వర్గసీమ'కు కెమేరా పట్టెను. పిమ్మట విజయా సంస్థవారి 'పాతాళభైరవి' (1951), 'మిస్సమ్మ' (1955), 'మాయాబజార్' (1957), 'గుండమ్మ కథ' (1962) ఆతని దృష్టితోనే మనకు గోచరించినవి. 'మాయాబజార్' నౌకావిహారమున మనలను మురిపించిన వెన్నెల చంద్రుడిచ్చినది కాదు, ఈతని కల్పనమే. తమిళమున 'శాంతినిలయం' (1969) ఆతనికి జాతీయ పురస్కారమును ఆర్జించిపెట్టెను.

అయినను ఆతని నేర్పునకు గీటురాయి 1961 నాటి 'జగదేకవీరుని కథ'లోని గానసభయే యని మా తలంపు. పెండ్యాలవారి స్వరకల్పన, ఘంటసాలవారి కంఠము, దర్బారీ కానడ రాగము. తెరపై ఒక్క రామారావుగారే గాయకుడై, వైణికుడై, మార్దంగికుడై ఏకకాలమున సాక్షాత్కరించిరి. ఇట్టి దృశ్యములకు ఆనాటి పద్ధతి యిది: చట్రమున కొంతభాగమును కప్పి ఒక రూపమును చిత్రించి, ఫిల్మును వెనుకకు త్రిప్పి, కప్పిన భాగమును తెరచి మరియొక రూపమును చిత్రింతురు. కెమేరా వెంట్రుకవాసి కదలినను, వెలుతురు రవంత మారినను అతుకు బయటపడును. అంతవరకు పడిన శ్రమ వ్యర్థమగును. దీనికితోడు ప్రతిమారును ముందుగా ముద్రించిన పాట తాళమునకు వ్రేళ్ళు సరిపోవలయును. ఇది గారడి కాదు. సంగీతమునకు చేసిన సేవ.

2010లో 'మాయాబజార్'కు రంగులద్ది విడుదల చేసిరి. క్రొత్త తరమువారు దానిని చూచి ఆనందించుట మాకును సంతోషమే. కాని నలుపు తెలుపుల నడుమ నిలిపిన నీడల తారతమ్యమే బార్‌ట్లీ చేవ్రాలు. రంగుల ప్రతి అసలు ప్రతికి తోడు కావచ్చును గాని దాని స్థానమును ఆక్రమింపరాదు. ఫిల్ము శాశ్వతమైన వస్తువు కాదు. వేడికి, తేమకు లోనైనచో పులిసిన వాసన పట్టి, ముడుచుకొని, తుదకు బొమ్మయే లేకుండ పోవును. తాళపత్రములను గ్రంథాలయములలో దాచి కాపాడుకొన్న జాతి మనది. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము 1964లోనే వెలసినది. స్టూడియోలకు తావిచ్చిన హైదరాబాదు, వానిలో పుట్టిన చిత్రములకును, మద్రాసులో పుట్టిన పాత చిత్రములకును చల్లని గదుల నొసంగి కాపాడుట ధర్మము కాదా?

బార్‌ట్లీ 1993లో కీర్తిశేషుడయ్యెను. ఆతనికి విగ్రహము లేకున్నను లోటు లేదు. ఆతడు మన కిచ్చిన వెన్నెల మాసిపోకుండ చూచుకొనిన చాలును.