చిత్రకారుడు – కళాదర్శకుడు

చలనచిత్రాన్ని చూసే ప్రేక్షకుని దృష్టి మొదట నటీనటులపై నిలుస్తుంది. ఆ పాత్రలు నివసించే ఇల్లు, కూర్చునే పీట, గూటిలో వెలిగే దీపం ఎవరి ఆలోచనలో రూపుదిద్దుకున్నాయన్న ప్రశ్న అరుదుగా కలుగుతుంది. కథ జరిగే కాలానికీ, ప్రదేశానికీ, పాత్రల అంతస్తుకూ తగిన పరిసరాలను కల్పించే బాధ్యత కళాదర్శకునిది.

ఈ కళలో రెండు మార్గాలున్నాయి. మొదటి దానిలో చిత్రకారుని కుంచె తెరపై స్పష్టంగా కనిపిస్తుంది. 1920లో జర్మనీలో విడుదలైన 'డాక్టర్ కాలిగరి' అనే మూకీ చిత్రం ఇందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. హెర్మన్ వార్మ్, వాల్టర్ రైమన్, వాల్టర్ రోరిగ్ అనే ముగ్గురు కళాకారులు అందులో వంకర గోడలను, కోణాలు తప్పిన కిటికీలను కల్పించారు. వెలుగునీడలను సైతం రంగులతోనే చిత్రించారు. కలత చెందిన మనసుకు ఆ దృశ్యాలు అద్దం పట్టాయి.

రెండవ మార్గంలో కుంచె కనిపించదు. కల్పన నిజమైన జీవితంలో కలిసిపోతుంది. తెలంగాణ చిత్రకారుడు తోట వైకుంఠం కళాదర్శకత్వం ఈ కోవకు చెందినది. ఆయన 1942లో కరీంనగర్ జిల్లా బూరుగుపల్లిలో జన్మించారు. హైదరాబాదులో చిత్రకళను అభ్యసించి, తరువాత బరోడాలో కె.జి. సుబ్రహ్మణ్యన్ వద్ద శిక్షణ పొందారు. నుదుట పెద్ద కుంకుమబొట్టు, ముదురు రంగుల చీరతో నిండుగా కనిపించే తెలంగాణ పల్లె స్త్రీలు ఆయన చిత్రాలకు గుర్తింపు తెచ్చారు.

బి. నర్సింగరావు దర్శకత్వంలో 1988లో రూపొందిన 'దాసి' చిత్రానికి వైకుంఠం కళాదర్శకులు. నిజాం పాలనలోని తెలంగాణలో, 1920ల నాటి ఒక దొర గడిలో ఈ కథ జరుగుతుంది. పెండ్లికూతురితో పాటు అత్తవారింటికి దాసిగా పంపబడిన కమలాక్షి ఇందులో ప్రధాన పాత్ర. ఆమె శ్రమపైనే కాదు, శరీరంపై కూడా దొరదే అధికారం. చివరకు ఆమెకు తల్లి అయ్యే హక్కు సైతం దక్కదు.

సంభాషణలు మితంగా ఉన్న ఈ చిత్రంలో పరిసరాలే చాలా విషయాలు చెప్పాలి. దోమకొండ వంటి చోట్ల పాత గడిని చూసినవారికి ఆ ఎత్తైన గోడల అర్థం తెలుస్తుంది. అవి బయటివారికి భయాన్ని, లోపలివారికి బంధనాన్ని కలిగించేవి. అటువంటి లోకాన్ని చూపేటప్పుడు అలంకారం హద్దు మీరితే గడి వైభవమే కంటికి ఇంపుగా తోస్తుంది. దాసి దుఃఖం మరుగున పడుతుంది. అందువల్ల రంగులకు పేరుపొందిన చిత్రకారుడు ఇక్కడ సంయమనం పాటించవలసి వచ్చింది.

1988 సంవత్సరానికి 'దాసి' ఐదు జాతీయ పురస్కారాలు పొందింది. వాటిలో ఉత్తమ కళాదర్శకత్వ పురస్కారం వైకుంఠానికి లభించింది. కళాకారుడు తన నేర్పును ప్రదర్శించడం ఒక ప్రతిభ. కథలోని సత్యం కోసం ఆ నేర్పును మరుగుపరచుకోవడం అంతకంటె కఠినమైన సాధన.