కొత్తగా కూర్చిన పాత ఊరు

మెక్సికో పశ్చిమ ప్రాంతంలోని మిచోవాకాన్ రాష్ట్రంలో, సముద్రమట్టానికి 2,100 మీటర్లకు పైబడిన ఎత్తున, ఒక పెద్ద సరస్సుకు దక్షిణంగా ఉన్న పాత్స్‌క్వారో పట్టణాన్ని చూడటానికి బండి అవసరం లేదు. చూడవలసినవన్నీ రెండు చౌకుల చుట్టూ, వాటి పైనున్న కొండవాలు మీద సర్దుకుని ఉంటాయి కనుక ఒక పూటలో కాలినడకన చుట్టి రావచ్చు. అయితే వీధులు గుండ్రాళ్ళు పరిచినవి, చాలావరకు ఎత్తుపల్లాలవి. అంత ఎత్తులో గాలి పలుచన కావడం వల్ల సముద్రతీరం నుంచి వచ్చినవారికి మొదటి ఎగువ వీధిలోనే ఆయాసం వస్తుంది. గైడ్లు మాటిమాటికీ ఆగి కథ చెప్పడంలో చరిత్ర మీద మక్కువతోపాటు ఈ సంగతి కూడా ఉంటుంది.

మెక్సికోలో గైడ్ వృత్తి ప్రభుత్వ నియమాలకు లోబడినది. ఫెడరల్ పర్యాటక శాఖ జారీ చేసే గుర్తింపు కార్డు మెడలో వేసుకుని తిరిగేవారు కొందరు, ముందుగా రుసుము అడగకుండా చివర ఇచ్చినంత పుచ్చుకునే పద్ధతిలో నడిపించేవారు మరికొందరు. ఎవరు నడిపించినా పాత్స్‌క్వారో కథ ఇంచుమించు ఒకే వరుసలో సాగుతుంది: పురెపెచా రాజ్యం, స్పెయిన్ దాడి, దయామయుడైన బిషప్పు, హస్తకళల గ్రామాలు. ఈ వరుసలో అబద్ధమేమీ లేదు, కానీ ఒక లోపం ఉంది. గైడ్ మాటలు ఎక్కువగా 16వ శతాబ్దం గురించి నడుస్తుంటే, నడిచేవారి కళ్ళకు కనిపించే ఊరిలో చాలా భాగం 1930ల నాటి చేతుల్లో రూపు దిద్దుకున్నది. ఈ రెండు కాలాలనూ విడదీసి చూడగలిగినప్పుడే ఆ నడకకు పూర్తి ఫలం దక్కుతుంది.

చర్చి లేని చౌకు

నడక సాధారణంగా ప్లాసా గ్రాందే అని పిలిచే పెద్ద చౌకులో మొదలవుతుంది. స్పానిష్ పాలకులు అమెరికా ఖండాల్లో కట్టిన పట్టణాల్లో నాలుగు వైపులా భవనాలున్న చౌకు నడిబొడ్డుగా ఉండటం, దాని ఒక పక్కన ప్రధాన చర్చి, మరో పక్కన పాలనా భవనం నిలవడం రివాజు. పాత్స్‌క్వారో పెద్ద చౌకు చాలా విశాలమైనది, దాని చుట్టూ పెద్ద చెట్లున్నాయి, భవనాల ముందు పోర్తాలెస్ అనే స్తంభాల వరండాలున్నాయి, కానీ చర్చి మాత్రం ఒక్కటీ లేదు. ఇక్కడి బిషప్పు వాస్కో దే కిరోగా తన కెథెడ్రల్‌ను, అంటే బిషప్పు పీఠముండే ప్రధాన చర్చిని, కొండ మీది తావున తలపెట్టడమే దానికి కారణం. పురెపెచాల పూజాస్థలం పూర్వం ఉన్నది అక్కడేనని గైడ్లు చెబుతారు. చౌకు మధ్యలో ఇప్పుడు ఉన్నది ఆ కిరోగా విగ్రహమే.

పురెపెచాలు ఈ సరస్సు చుట్టూ రాజ్యమేలిన జాతి. వారి భాషకు తెలిసిన మరే భాషతోనూ చుట్టరికం తేలలేదు. రాగి, కంచు పనిలో ఆరితేరిన వారిని అజ్టెక్‌లు యుద్ధంలో లొంగదీయలేకపోయారు. సరస్సు ఒడ్డునే ఉన్న త్సిన్‌త్సున్‌త్సాన్ వారి రాజధాని. చివరి రాజు తంగాషువాన్ స్పెయిన్‌వారితో పోరుకు దిగక లొంగిపోయినా, నూన్యో దే గుస్మాన్ అనే అధికారి 1530లో ఆయనను చిత్రహింసలు పెట్టి చంపించాడు. ఆ దారుణం తర్వాత చెదిరిపోయిన జనాన్ని కుదుటపరచడానికి 1533లో వచ్చిన న్యాయాధికారి కిరోగా. తర్వాత ఈ ప్రాంతానికి తొలి బిషప్పు అయ్యింది కూడా ఆయనే. థామస్ మోర్ రాసిన ‘యుటోపియా’ అనే ఆదర్శ రాజ్య కల్పనను చదివి, దాన్ని నేల మీద కట్టి చూడాలని పూనుకున్న అరుదైన మనిషి ఆయన. ఉమ్మడి సాగు, రోజుకు పరిమితమైన పనిగంటలు, రోగులకూ బాటసారులకూ ఆశ్రయం కలిగిన ‘శాంతా ఫే’ అనే గ్రామాలను ఆయన నెలకొల్పాడు. పురెపెచాలు ఆయనను నేటికీ తాతా వాస్కో అంటారు. వారి వాడుకలో తాతా అంటే తండ్రి.

ఒక్కో గ్రామానికి ఒక్కో వృత్తి పంచిపెట్టింది కూడా కిరోగాయేనని గైడ్లు చెబుతారు: శాంతా క్లారా దెల్ కోబ్రేకు రాగి పాత్రలు, త్సిన్‌త్సున్‌త్సాన్‌కు కుండలు, ఇలా. వృత్తులను వ్యవస్థగా నిలబెట్టడంలో ఆయన పాత్ర కాదనలేనిది. కానీ రాగిని కరిగించి సాగగొట్టే విద్య ఆయన పుట్టకముందే ఇక్కడివారికి తెలుసు. నేర్పరులైన పనివారి చరిత్రను ఒక బిషప్పు దయగా మార్చి చెప్పే ఈ అలవాటును వినేవారు కొంచెం జాగ్రత్తగా స్వీకరించడం మంచిది. ఈ మాటకు ఆధారం చౌకు ఉత్తరపు పక్కనే ఉంది. చంపబడ్డ రాజు కొడుకు ఆంతోనియో ఉయిత్సిమెంగారి పేరున్న పాత భవనం అది. కొత్త పాలకుల భాషనూ లాటిన్‌నూ నేర్చి, స్థానిక ప్రజలకు గవర్నరుగా పనిచేసిన ఆయన పేరు దగ్గర చాలా బృందాలు నిమిషమైనా ఆగవు.

ఎర్ర మొదటి అక్షరం

చౌకు దాటి చిన్న చౌకు వైపు నడిచేవారు ఒక్కసారి దుకాణాల పేర్లను తేరిపార చూడాలి. మట్టి ఇటుకల గోడలకు పైన సున్నపు తెలుపు, కింద నడుమెత్తు వరకు ముదురు ఇటుకరంగు పట్టీ. పైన పెంకుల కప్పు, వీధి మీదికి చాచుకున్న చూరు, దాన్ని మోసే కర్ర దూలాలు. ఆ తెల్లని గోడ మీద దుకాణం పేరు నల్లని అక్షరాల్లో, మొదటి అక్షరం మాత్రం ఎర్రగా రాసి ఉంటుంది. మందుల దుకాణమైనా, బ్యాంకైనా, చెప్పుల అంగడైనా ఇదే తీరు. చూసేవారికి ఇది వందల ఏళ్ళ సంప్రదాయమనిపిస్తుంది గానీ, ఇంతటి ఏకరూపత తనంతట తాను ఏ ఊరికీ రాదు. దాని వెనుక నిబంధన ఉంటుంది.

ఆ నిబంధనలకు మూలపురుషుడు లాసారో కార్దెనాస్. మిచోవాకాన్‌లోనే పుట్టి, 1928 నుంచి 1932 వరకు ఆ రాష్ట్ర గవర్నరుగా, 1934 నుంచి 1940 వరకు దేశాధ్యక్షుడిగా పనిచేసిన ఈయన, చమురు పరిశ్రమను 1938లో జాతీయం చేసిన నాయకుడిగా లోకానికి తెలుసు. మెక్సికో విప్లవం తర్వాత చీలికలతో ఉన్న దేశానికి ఉమ్మడి గతమొకటి కావాలన్న ఆలోచన ఆనాటి పాలకుల్లో బలంగా ఉండేది. ఆ గతాన్ని కంటికి చూపించగల ఊరుగా కార్దెనాస్ పాత్స్‌క్వారోను ఎంచుకున్నాడు. ఊరి పాత రూపును కాపాడే నిబంధనలు, రోడ్లు, మ్యూజియం, థియేటరు, విగ్రహాలు ఒకదాని వెంట ఒకటి వచ్చాయి. సరస్సు నడుమనున్న హనీత్సియో దీవి మీద, స్వాతంత్ర్య యోధుడు హోసే మరియా మొరేలోస్ పిడికిలి ఎత్తి నిలిచిన 40 మీటర్ల రాతి విగ్రహం కూడా ఆ దశాబ్దపు కట్టడమే.

చిన్న చౌకు పక్కనున్న గ్రంథాలయం ఈ మార్పును ఒకే గదిలో చూపుతుంది. అది ఒకప్పుడు అగస్తీనియన్ సన్యాసుల చర్చి. 1930లలో దాన్ని గ్రంథాలయంగా మార్చి, స్వాతంత్ర్య పోరాటంలో తిరుగుబాటుదారులకు తోడ్పడినందుకు 1817లో ఇదే ఊరిలో కాల్చి చంపబడ్డ హెర్త్రూదిస్ బొకానెగ్రా పేరు పెట్టారు. పూర్వం బలిపీఠం ఉండే చివరి గోడ నిండా ఇప్పుడు చిత్రకారుడు, వాస్తుశిల్పి హువాన్ ఓగోర్మన్ 1940ల ఆరంభంలో వేసిన కుడ్యచిత్రం ఉంది. ఈ రచన ఫ్రెస్కో, అంటే తడి సున్నపు పూత మీద రంగులద్ది గోడలోనే ఇంకిపోయేలా చేసే పని. మిచోవాకాన్ చరిత్ర పైనుంచి కిందికి దిగుతుంది: పైన పురెపెచాల ప్రాచీన లోకం, నడుమ దాడి, హింస, తంగాషువాన్ యాతన, కింద మొరేలోస్, జపాతా వంటి పోరాటయోధులు. మూర్తులు అడుగడుగునా కిక్కిరిసి ఉండటంతో మొత్తం ఒక్క చూపుకు అందదు. అందుకే మంచి గైడ్ బృందాన్ని ముందు గది మధ్యలో నిలబెట్టి, ఆ తర్వాతే దగ్గరికి తీసుకెళతాడు. మొక్కే తావున చరిత్రను నిలబెట్టిన ఆ ఎంపికలో ఆనాటి ప్రభుత్వ ధోరణి మొత్తం కనిపిస్తుంది.

ఇదే కాలపు మరో సృష్టి సీతాకోకచిలుక వలల ప్రఖ్యాతి. రెక్కలు చాచినట్టుండే ఆ వలలు నిజంగా ఇక్కడి జాలరుల పనిముట్లే, కానీ ఫొటోలలో, పోస్టర్లలో, చివరకు 1990ల నాటి 50 పెసోల నోటు వెనుక కూడా అచ్చయ్యాక అవి చేపల కంటే పర్యాటకుల కోసమే ఎక్కువగా నీటిలోకి దిగుతున్నాయి. పడవ ప్రయాణంలో జాలరులు వలలెత్తి చూపి డబ్బులడిగితే మోసపోయామని నొచ్చుకోవలసిన పని లేదు. చూపడమే వారి పనిగా మారి చాలా కాలమైంది. అసలు విచారించవలసింది సరస్సు గురించి. కొండల మీది అడవి నరికివేత, కోతకు గురైన మట్టి వచ్చి పూడుకుపోవడం, వరుస కరవులు, ఇటీవల అవకాడో తోటలకు నీటిని దొంగచాటుగా తోడుకోవడం వల్ల సరస్సు బాగా కుంచించుకుపోయింది. ఒకనాడు ఈ ఊరికి పేరు తెచ్చిన తెల్లచేప నేడు అరుదైపోయింది.

బెండుతో చేసిన మాత

చిన్న చౌకు పక్కనే అంగడి. ఇక్కడ ఎండుమిరప రాశుల్లో నలుపుకు దగ్గరైన రకాలు, పొగరంగువి, నున్నగా మెరిసే ఎర్రనివి ఉంటాయి. గుంటూరు యార్డుకు చేరే పంట పూర్వీకులు ఈ దేశపు నేల మీదే మచ్చికై, 16వ శతాబ్దంలో పోర్చుగీసువారి ఓడల ద్వారా భారతదేశానికి చేరిన సంగతి తెలిసిన తెలుగువారు ఆ రాశుల ముందు మరికొంత సేపు నిలబడితే గైడ్ తొందరపెట్టకూడదు.

అంగడి నుంచి ఎగువకు వెళ్ళే వీధి బసిలికాకు చేరుతుంది. కిరోగా తలపెట్టిన కెథెడ్రల్ ఇదే. చేతి వేళ్ళలా విచ్చుకునే ఐదు మండపాలను ఆయన ఊహించాడు గానీ పూర్తయింది ఒక్కటే. 1580లో బిషప్పు పీఠం నేటి మొరేలియాకు తరలిపోవడంతో పనికి దన్ను పోయింది. పాలన కూడా అక్కడికే వెళ్ళిపోయినందున మొరేలియా నగరమైంది, పాత్స్‌క్వారో ఊరుగానే మిగిలింది. 1930లలో కాపాడటానికి పాత రూపంటూ ఏదైనా మిగిలి ఉండటానికి ఈ ఓటమే ముఖ్య కారణం.

లోపల కొలువున్న ఆరోగ్యమాత విగ్రహం రాతిదీ కర్రదీ కాదు. మొక్కజొన్న కాడలోని బెండును ఎండబెట్టి, పొడి చేసి, ఆర్కిడ్ మొక్కల దుంపల నుంచి తీసిన జిగురుతో కలిపి ముద్దగా మలిచినది. పురెపెచాలు తమ దేవతామూర్తులను యుద్ధాలకు మోసుకెళ్ళడానికి తేలికగా ఉండాలని ఇలా చేసేవారు. కొత్త మతం వచ్చాక అదే చేతులు అదే ముద్దతో మరియమాతనూ, సిలువ మీది క్రీస్తునూ చేశాయి. ఈ ఒక్క మూర్తిని చూపించి విధానాన్ని వివరించడానికి గైడ్ పావుగంట వెచ్చిస్తే, ఆ పూట రుసుము అక్కడికే చెల్లిపోయినట్టు.

తర్వాతి మజిలీలను వేగంగా దాటవచ్చు. కిరోగా 1540లో నెలకొల్పిన శాన్ నికోలాస్ కళాశాల భవనం నేడు హస్తకళల మ్యూజియం. పూర్వం సన్యాసినుల మఠమైన ‘పదకొండు లోగిళ్ళ ఇల్లు’లో ఇప్పుడు అన్ని లోగిళ్ళూ మిగల్లేదు గానీ, లక్కపనివారు, నేతగాళ్ళు కొనేవారి కళ్ళముందే పనిచేస్తారు. నవంబరు 1, 2 తేదీల మధ్య రాత్రి, చనిపోయినవారి కోసం సమాధుల దగ్గర దీపాలు పెట్టి మేలుకునే పండుగకు వచ్చే జనసందోహంలో మాత్రం నడక పర్యటన పెట్టుకోవడం వృథా.

చాలా బృందాలు తిరిగి పెద్ద చౌకుకే చేరి విడిపోతాయి. ఊరి రెండో చరిత్రకు అసలు చిరునామా మాత్రం ఈ దారిలో లేదు. సరస్సు వైపు వెళ్ళే రోడ్డులో కార్దెనాస్ కట్టించుకున్న ఇల్లు ‘కింతా ఎరెందిరా’ ఉంది. 1951లో అందులోనే యునెస్కో లాటిన్ అమెరికా దేశాల వయోజన విద్య కోసం క్రెఫాల్ అనే శిక్షణ కేంద్రాన్ని ప్రారంభించింది. ఎరెందిరా అంటే గుర్రమెక్కి స్పెయిన్ సేనలను ఎదిరించిన పురెపెచా రాకుమార్తె అని గైడ్లు చౌకులోనే చెప్పి ఉంటారు. ఆ కథకు ప్రచారం కల్పించింది 16వ శతాబ్దపు రికార్డులు కావు, 19వ శతాబ్దం చివర రచయిత ఎదువార్దో రూయిస్ అచ్చు వేయించిన పుస్తకం. ఆ ఇల్లు కూడా చూడదలచినవారు నడక మొదలయ్యే ముందే గైడ్‌తో మాట్లాడుకోవాలి.