పిలవని ఉత్తరాలు

వెనకటి ఇళ్ళలో ఉత్తరాల తీగ అని ఒకటుండేది. అడుగున చిన్న చెక్కబిళ్ళ, నడుమ సన్నని ఇనుపతీగ, కొసన కొంకి. గోడమేకుకు వేలాడుతూ ఉండేది. వచ్చిన ఉత్తరం ఇంటిల్లిపాదీ చదివాక, దాచదగినదైతేనే ఆ తీగకు ఎక్కేది. లేకుంటే పొయ్యిలోకి పోయేది. పైగా ఆ కాలపు ఉత్తరానికి ముఖం ఉండేది. శుభవార్త అయితే కార్డు మూలలకు పసుపు. అశుభమైతే మూల చింపి ఉండేది. పోస్టుమాన్ చేతిలో ఉండగానే, అక్షరం ముక్క రాని ముసలమ్మ కూడా అది ఎలాంటి ఉత్తరమో చెప్పగలిగేది.

ఈనాటి ఈమెయిలుకు ఆ ముఖం లేదు. బ్యాంకువారి హెచ్చరిక, పిల్లవాడి హాల్ టికెట్టు, చెప్పుల దుకాణంలో సగం ధర, మనం ఎన్నడూ ఎక్కని విమానాల మీద రాయితీ, అన్నీ ఒకే వరసలో, ఒకే రకం అక్షరాల్లో బారులు తీరి నిలుచుంటాయి. తీగ బరువెక్కితే కంటికి కనపడేది. ఇన్‌బాక్సు బరువు ఫోను పట్టుకున్న చేతికి తెలియదు. తెలియదు గనకనే మనలో చాలామంది పట్టించుకోరు. "ఉంటే ఉండనీండి, అన్నం పెట్టమంటున్నాయా ఏమన్నానా?" అన్నారు మా కాలేజీలో ఒకాయన. అన్నం పెట్టమనవు, నిజమే. కాని ఒకరి నోటి దగ్గరి అన్నం తీసేసిన సంగతి నేను చూశాను.

నేను నారాయణఖేడ్ ప్రాంతంలో డిగ్రీ విద్యార్థులకు తెలుగు పాఠాలు చెప్పుకునేవాణ్ణి. అక్కడికి దగ్గర్లో, సంగారెడ్డి జిల్లా మనూరు మండలంలో బోరంచ అనే ఊరుంది. మంజీర ఒడ్డున నల్లపోచమ్మ గుడి ఉన్న ఊరు. ఒక ఆదివారం కుటుంబంతో అమ్మవారి దర్శనానికి వెళితే, నా దగ్గర చదువుకున్న కుర్రవాడొకడు గుడి దగ్గర కనపడి, వద్దంటున్నా వినక ఇంటికి తీసుకువెళ్ళాడు. చాయ్ వచ్చింది. దాని వెనకే వాళ్ళ నాయన వచ్చి కూచున్నాడు.

"సార్, వీని దోస్తుకు నౌకరీ చిట్టీ వచ్చిందట. మావోనికి రాలేదు. ఇద్దరు ఒక్కనాడే దరఖాస్తు పెట్టిండ్రు. జర సూడున్రి."

కుర్రవాడు ఫోను నా చేతికిచ్చాడు. చదవని ఉత్తరాలు పధ్నాలుగు వేల పైచిలుకు! ఇంటికంతటికీ అదొక్కటే ఈమెయిల్ చిరునామా. మొదటి ఫోను కొన్ననాడు దుకాణంవాడు తయారు చేసి ఇచ్చాడట. అప్పటినుంచి బట్టలు తెప్పించినా, సినిమా చూసినా, కోచింగు సెంటరువాడు కాగితం నింపమన్నా అదే చిరునామా. నేను వేలితో జరుపుతూ పోతుంటే, పక్కన చేటలో కందులు చెరుగుతున్న వాళ్ళ అమ్మ తొంగి చూసి, "ఇన్ని చిట్టీలు ఎవరు రాస్తున్నర్రా నీకు?" అంది ఆశ్చర్యంగా.

వెదకగా దొరికింది. ఉత్తరం రాకపోలేదు, వచ్చి తొమ్మిది రోజులైంది. జీమెయిల్ దాన్ని వ్యాపార ప్రకటనల గదిలోకి నెట్టింది. పైన అప్పులిస్తామనేవాడు, కింద బూట్లమ్మేవాడు. సర్టిఫికెట్ల పరిశీలనకు రమ్మన్న తేదీ అంతకుముందు శుక్రవారం.

"మల్ల పిలుస్తరా సార్?" అన్నాడు నాయన. ఆ ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు. కుర్రవాడి చేత ఒక అర్జీ రాయించి ఆ ఆఫీసుకు పంపించాం. పదిహేను రోజులకు జవాబు వచ్చింది, ఖాళీలన్నీ నిండాయని. ఈ జవాబు మాత్రం వచ్చిన గంటలోనే వాడికి కనపడింది. ఆపాటికి ఇన్‌బాక్సు శుభ్రం చేసి ఉన్నాం గదా!

ఆ తల్లి అడిగింది మంచి ప్రశ్న. ఇన్ని ఉత్తరాలు ఎవరు రాస్తున్నారు? మనిషి రాయడం లేదు. ఒక ఉత్తరం తయారుచేసి లక్షమందికి పంపినా కంపెనీవాడికి అయ్యే ఖర్చు బహు స్వల్పం. వెనక కార్డుకైనా కవరుకైనా పంపేవాడు డబ్బు పెట్టాలి. ఆ నాలుగు డబ్బులే అనవసరపు రాతకు కళ్ళెం. ఇప్పుడు కళ్ళెం తెగింది. పంపేవాడి ఖర్చు పోయి, చదివేవాడి కాలం ఖర్చవుతున్నది.

ఈ తంతు కొత్తదేమీ కాదు. 1978 మే 3న అమెరికాలో గారీ థ్యూర్క్ అనే కంప్యూటర్ల కంపెనీ ఉద్యోగి, తమ కొత్త యంత్రాలను చూడడానికి రమ్మంటూ సుమారు నాలుగు వందలమందికి ఒకేసారి ఈమెయిల్ పంపాడు. ఇంటర్నెట్టుకు తాతగారైన ఆర్పానెట్ రోజులవి. జనం మండిపడ్డారు. అడగని ప్రకటనల ఉత్తరాలకు అదే ఆద్యమంటారు. ఇలాంటి వాటికి "స్పామ్" అనే పేరు తరవాత వచ్చింది. అది నిజానికి డబ్బాలో అమ్మే మాంసం పేరు. 1970లో ఇంగ్లండు టెలివిజన్‌లో మాంటీ పైథాన్ అనే హాస్యబృందం ఒక ప్రహసనం ఆడింది. అందులో హోటలుకు వెళ్ళినవాళ్ళు ఏ పలహారం అడిగినా అందులో ఆ మాంసమే! వద్దు మొర్రో అన్నా వదలదు. పేరు పెట్టినవాడెవడో గాని రసజ్ఞుడు.

2004 ఏప్రిల్ 1న జీమెయిల్ వచ్చినప్పుడు ఒక గిగాబైటు చోటు ఉచితమంటే, ఏప్రిల్ ఫూల్ పరిహాసం కాబోలుననుకున్నారు. తక్కినవాళ్ళు ఇస్తున్నది ఆ రోజుల్లో కొద్ది మెగాబైట్లే మరి. ఇంత చోటుండగా దేన్నీ పారేయనక్కర లేదన్నారు. మనమూ పారేయడం మానేశాం. ఇప్పుడు ఉచితంగా ఇచ్చే చోటు 15 గిగాబైట్లు. మనం దాచుకునే పెళ్ళి ఫొటోలూ, పిల్లల వీడియోలూ అందులోకే వస్తాయి. అది నిండితే కొత్త ఉత్తరం లోపలికి రాదు. పెట్టె కిటకిటలాడడం ఒక బాధ. మూతపడడం దాన్ని మించిన బాధ.

చాలామంది చేసే పని, కనపడినవాటిని కనపడినట్టు చెరిపేయడం. అది కుళాయి కట్టకుండా నేల తుడవడం. చెరపడం తరవాత, ముందు ఆపాలి. బోరంచలో మేము చేసింది ఇది. వెదికేచోట "అన్‌సబ్‌స్క్రైబ్" అన్న మాట కొట్టాం. నిజమైన వ్యాపారుల ఉత్తరాల్లో ఎక్కడో అడుగున, చీమతలకాయంత అక్షరాల్లో ఆ మాట ఉండనే ఉంటుంది. అలా దొరికినవాటిని పంపిన పేరు పక్కనే జీమెయిల్ చూపించే అదే మాట నొక్కి, ఒక్కొక్కటిగా ఆపాం. ఆపిన తరవాత ఆ కంపెనీ పేరుతో వెదికి, పాతవన్నీ ఒకేసారి చెరిపేశాం. పోను పోను కుర్రవాడికే హుషారు పుట్టింది. ఇప్పుడింకా సులువు. 2025 జులైలో జీమెయిల్ ఇలాంటి ఉత్తరాలు పంపేవారందరినీ ఒకేచోట జాబితాగా చూపించే ఏర్పాటు తెచ్చింది. ఎక్కువగా పంపేవాడే పైన ఉంటాడు, అక్కణ్ణించే మొదలుపెట్టవచ్చు.

ఒక జాగ్రత్త ఉంది. మీకు లాటరీ తగిలిందనో, మీ ఖాతా రేపు మూసేస్తామనో వచ్చే దొంగ ఉత్తరాల్లోని ఏ లంకెనూ నొక్కకూడదు, "ఆపు" అని రాసి ఉన్నా సరే. నొక్కితే, ఈ చిరునామాలో మనిషి ఉన్నాడని మనమే చాటింపు వేసినట్టు. వాటిని స్పామ్ అని గుర్తుపెట్టి తోసేయడమే. బ్యాంకు, ప్రావిడెంటు ఫండు, పిల్లల కాలేజీ, పరీక్షల బోర్డు, వీటి ఉత్తరాలు మాత్రం కోపంలో ఆపుకోకండి సుమా! మా కుర్రవాడు ఊపులో బ్యాంకుది కూడా ఆపబోతుంటే నేను చెయ్యి పట్టుకున్నాను.

వద్దన్నా మానకపోతే? అమెరికాలో 2003 నాటి చట్టం ప్రకారం, వద్దన్నవాడికి పది పనిదినాల్లోగా ఆపాలి. 2024 ఫిబ్రవరిలో గూగుల్, యాహూ సంస్థలు ఇంకాస్త బిగించాయి. పెద్ద ఎత్తున ప్రకటనలు పంపేవాళ్ళు ఒక్క నొక్కుతో ఆపుకొనే వీలు కల్పించి, రెండు రోజుల్లో ఆపాలన్నాయి. మన దేశంలో ఫోనుకు వచ్చే ప్రకటనల పిలుపులకూ, సందేశాలకూ 1909 నంబరు ఉంది గాని, ఈమెయిళ్ళకు అది పనికిరాదు. అయితే 2023 నవంబరు 30న కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ పదమూడు రకాల మాయోపాయాలను నిషేధించింది. చేరడం తేలిక చేసి, బయటపడడం చిక్కుముడి చేయడం వాటిలో ఒకటి. అదే ఏడాది వచ్చిన వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం, సమ్మతి ఇవ్వడం ఎంత సులువో వెనక్కు తీసుకోవడమూ అంత సులువుగా ఉండాలంటుంది. దాని నియమాలు 2025 నవంబరులో ప్రకటించారు, అమలు దశలవారీగా. మంచి మాటే. ఆచరణలో ఎంత నిలుస్తుందో చూడాలి.

చట్టం సంగతి ఎలా ఉన్నా, మా ఇంటావిడ పద్ధతి ఆవిడది. బట్టల కొట్లో బిల్లు రాసే అబ్బాయి, "ఈమెయిల్ ఐడీ చెప్పండి మేడమ్" అంటాడు. "మాకు లేదు బాబూ" అంటుంది నిబ్బరంగా. వాడు ఆ గడిలో ఒక గీత గీసి బిల్లు చేతికిస్తాడు. ఈమెయిల్ లేదని ఇంతవరకు ఏ కొట్టువాడూ మాకు చీర అమ్మనని అనలేదు.